దొరస్వామి పెట్టిన ఊట

నారపయ్య అయ్యవారిని ఎవరైనా ప్రశ్న అడిగితే, ఆయన ముందు ఒక్క మాట తిరిగి అడిగేవారు. "ఇది నీ ప్రశ్నా, పుస్తకానిదా?" పుస్తకానిదైతే, జవాబు ఏ పుస్తకంలో ఉందో చెప్పి నవ్వుతూ పంపించేవారు. మనిషిదైతే కూర్చోమనేవారు. కూర్చున్నాక కూడా వాదనకు దిగేవారు కాదు. ఎక్కడో ఎవరింట్లోనో జరిగిన ఒక సంగతి చెప్పేవారు. విన్నవాళ్లలో కొందరు అర్థమైందని లేచేవారు, కొందరు కాలేదని లేచేవారు. ఆయన అందరినీ ఒకే తీరున వాకిలిదాకా వచ్చి సాగనంపేవారు.

పలమనేరు పక్కన పట్టుపురుగులు పెంచే కోనప్ప ఒకనాటి మధ్యాహ్నం ఆయన దగ్గరకు వచ్చాడు. చాలా ఏళ్లుగా శిష్యుడు. మాటకు తడుముకునే మనిషి కాదు. ఆరోజు మాత్రం వసారా చివర కూర్చుని, కండువాతో మెడ తుడుచుకుంటూ ఉండిపోయాడు. చివరికి అడిగాడు.

"అయ్యవారూ, మనిషి మారినాడని ఎట్ల తెలుసుకోవాల?"

"నీ ప్రశ్నా, పుస్తకానిదా?"

"నాదే. మా మేనల్లుడు తిరిగొచ్చినాడు. మారినానంటా ఉండాడు. ఇంతకు ముందూ ఈ మాట అన్నవాడే. నమ్మితే మళ్లీ మోసపోతానేమోనని ఒక దిగులు. నమ్మకపోతే, నిజంగానే మారినవాణ్ణి తరిమేసిన పాపం వస్తుందేమోనని ఇంకో దిగులు. అన్నం సహించడంలేదు."

ఏం చేశాడని అయ్యవారు అడగలేదు. "ఇప్పుడు యాడుండాడు?" అన్నారు.

"పురుగుల షెడ్డులో పడుకోమన్నా."

అయ్యవారు గోడకు ఆనుకుని కూర్చున్నారు. తర్వాత, "కుప్పం దావలో సుబ్బరత్న టిఫిన్ కొట్టు ఉంది కదా, ఆయమ్మ తమ్ముడి సంగతి చెప్తాను, విను" అని మొదలుపెట్టారు. ఆయన చెప్పినదాన్ని, ఆరోజు ఆ వసారాలోనే ఉన్న నేను, గుర్తున్నంతవరకు ఇక్కడ రాస్తున్నాను.

సుబ్బరత్న, ఆమె పెనిమిటి చెంగల్రాయుడు కలిసి ఊరి మొదట్లో ఒక టిఫిన్ కొట్టు నడుపుతారు. ముందు కొట్టు, దాని వెనక ఇల్లు, ఇంటి వెనక రేకులు కప్పిన చిన్న పంచ. వాళ్లకు ఒక్కతే కూతురు, హైమ. సుబ్బరత్న తమ్ముడు దొరస్వామి. తల్లి పోయేనాటికి వాడు ఇంకా నిక్కర్లు వేసుకునే వయసులో ఉన్నాడు. అక్కే పెంచింది. పనిమంతుడు, మెత్తని మనసున్నవాడు. అయితే పెద్దయ్యాక తాగుడు పట్టుకుంది. మానేశానని అమ్మ పటం ముందు ఒట్టు వేశాడు, తప్పాడు. కర్పూరం ఆర్పి ఒట్టు వేశాడు, అదీ తప్పాడు. ప్రతిసారీ సుబ్బరత్న నమ్మింది. నమ్మడం తప్ప అక్కకు వేరే ఏం చేతనవుతుందని ఆమె అనుకునేది.

హైమ రెండో తరగతిలో ఉన్నప్పుడు, పిల్లను తిరునాళ్లకు తీసుకుపోతానని సైకిల్ మీద ఎక్కించుకున్నాడు. అప్పటికే తాగి ఉన్నాడు. వాసన రాకుండా వక్కాకు నమిలి వచ్చాడు కాబట్టి సుబ్బరత్న కనిపెట్టలేదు. పైగా పిల్లకు తనే జడలు వేసి, రిబ్బన్లు కట్టి పంపింది. మలుపు దగ్గర సైకిల్ రోడ్డు దిగి రాళ్లలోకి పోయింది. వాడి ఒంటి మీద గీత కూడా పడలేదు. పిల్ల ఎడమ మోచెయ్యి విరిగింది. పుత్తూరుకు తీసుకుపోయి కట్టు కట్టించినా, ఎముక కొంచెం వంకరగానే అతికింది. ఈనాటికీ ఆ పిల్ల ఆ చేతిని పూర్తిగా చాచలేదు.

సుబ్బరత్న తిట్టలేదు, ఏడవలేదు. తమ్ముడి బట్టలు ఒక సంచిలో పెట్టి గుమ్మం బయట ఉంచి, "ఇంక ఈ గడప తొక్కొద్దు" అంది. వాడు సంచి తీసుకుని వెళ్లిపోయాడు.

తర్వాత వాడు సరిహద్దు అవతల, కర్ణాటకలో, దోసకాయల కంపెనీలో కుదిరినట్టు కబురు తెలిసింది. ఆ ప్రాంతంలో వేలెడంత పొడవుండే సీమ దోసకాయలను పండిస్తారు. కంపెనీలవాళ్లు వాటిని పీపాల్లో ఊరబెట్టి ఓడల్లో ఇతర దేశాలకు పంపుతారు. దొరస్వామి ఆ పీపాల దగ్గర పనిచేశాడు. ఏళ్లు గడిచాయి. హైమ పదో తరగతికి వచ్చింది.

ఆ ఏడు ఎండలు మొదలవుతున్న రోజుల్లో, పొద్దుటి జనం పలచబడ్డాక, వాడు కొట్టు ముందర వచ్చి నిలబడ్డాడు. చిక్కిపోయాడు. చెవుల దగ్గర వెంట్రుకలు నెరిశాయి.

"మానేసినా అక్కా" అన్నాడు.

సుబ్బరత్న దోసె తిరగేసింది. చెంగల్రాయుడే బయటికి వచ్చి బల్ల మీద కూర్చోబెట్టి ఇడ్లీ పెట్టించాడు. ఆ మధ్యాహ్నం మొగుడూ పెళ్లాల మధ్య చాలాసేపు మాట నడిచింది.

"నాకు అన్న లేడు, తమ్ముడు లేడు. ఉన్న ఒక్క బావమరిదిని వీధిలో నిలబెట్టలేను రత్నా" అన్నాడు చెంగల్రాయుడు.

"చెయ్యి వంకరబోయింది నీ బిడ్డకే" అంది ఆమె.

"ఆ మాట వాడికీ తెలుసు. అందుకే గదా ఇన్నేండ్లు రాలేదు."

చివరికి ఆమె ఒప్పుకుంది. అయితే కట్టుబాట్లు పెట్టింది. పడక వెనక పంచలో. వంటింట్లోకి రాకూడదు. హైమతో పని పెట్టుకోకూడదు. ఒక్కసారి తేడా కనిపిస్తే, మాటామంతీ లేకుండా బయటికి. దొరస్వామి అన్నిటికీ తల ఊపాడు. పొద్దున్నే లేచి కట్టెలు కొట్టేవాడు, నీళ్లు మోసేవాడు, పప్పు రుబ్బేవాడు. అక్క పిలిస్తే పలికేవాడు. ఆమె పిలిచేది తక్కువ.

ఒకనాడు వాడే అడిగాడు. "అక్కా, అటక మీద అమ్మ జాడీలు ఉండాయి గదా, ఒకటి ఇస్తావా?"

దేనికని ఆమె అడగలేదు. అడిగితే మాట పెరుగుతుంది, మాట పెరిగితే మనసు కరుగుతుందని ఆమె భయం. జాడీ దించి, కడిగి, వెనక రాతి మీద పెట్టి లోపలికి వెళ్లిపోయింది. ఆమె అడిగి ఉంటే వాడు చెప్పేవాడే. దాచాలన్న ఉద్దేశం వాడికి లేదు.

వాడు చేసిందేమిటంటే ఇది. దోసకాయలు పండించే రైతు ఒకడు పాత పరిచయస్థుడు. కంపెనీ కొలతకు మించి పెరిగినవాటిని ఎవరూ తీసుకోరు, పశువులకు వేస్తారు. దొరస్వామి పోయి ఒక సంచెడు తెచ్చుకున్నాడు. కంపెనీలో ఉన్నప్పుడు, సరుకు చూసుకోవడానికి వచ్చిన ఒక తెల్ల ముసలాయన, ఆ దేశాల్లో ఇళ్లలో ఈ కాయలు ఎట్లా ఊరబెడతారో పనివాళ్లకు సరదాగా చేసి చూపించాడట. వాడు దాన్ని మనసులో పెట్టుకున్నాడు. కాయలను చల్లనీళ్లలో నానబెట్టాడు. ప్రతి కాయకూ పువ్వు ఉండే కొసను గోరంత కోసేశాడు. అది ఉంటే కాయ మెత్తబడుతుందట. జాడీ అడుగున సోయకూర పరిచాడు. ఆ వైపు దాన్ని సబ్బసిగె ఆకు అంటారు, పప్పులో వేస్తారు. చితక్కొట్టిన వెల్లుల్లి, ఆవాలు, మిరియాలు, రెండు ద్రాక్షాకులు వేసి, కాయలు నిలువుగా పేర్చాడు. కాచి చల్లార్చిన నీళ్లలో రాళ్లుప్పు కరిగించి నిండా పోశాడు. కాయ పైకి తేలకుండా చిన్న పళ్లెం బోర్లించి, దానిమీద కడిగిన గుండ్రాయి పెట్టి, పైన బట్ట కప్పి మూత వాల్చాడు. రేకుల పంచ పగలంతా పెనంలా కాలుతుంది. చల్లగా ఉండే చోటు మంచం కింద ఒక్కటే. అక్కడ పెట్టి, చుట్టూ తడి గోనెసంచి చుట్టాడు.

హైమకు పబ్లిక్ పరీక్షలు వచ్చాయి. పరీక్ష సెంటరు పక్క ఊళ్లో. పిల్ల పొద్దున బస్సుకు పోయి మధ్యాహ్నం బస్సుకు వచ్చేది. ఆఖరి పరీక్షనాడు చెంగల్రాయుడు బియ్యానికని కుప్పం పోయాడు. సుబ్బరత్న కొట్టు మూసి, ఒక కునుకు తీసి లేచి, ఆరిన బట్టలు తీయడానికి వెనక్కి వెళ్లింది. పంచ దగ్గరికి రాగానే ఆగిపోయింది.

పులిసిన వాసన.

ఆమె చిన్నతనంలో పక్కింటివాళ్లు దొంగతనంగా నాటుసారా కాచేవారు. బెల్లం, తుమ్మచెక్క నానేసిన కుండలు పొదల్లో పూడ్చిపెట్టేవారు. ఎండ వేళ ఆ ఊట వాసన గోడ దాటి వచ్చేది. ఆ వాసన ముక్కుకు తగిలిన రాత్రులే తన తండ్రి కూడా ఇంటికి తూలుతూ వచ్చేవాడు. ఆమె వంగి మంచం కింద చూసింది. తడి గోనెలో చుట్టిన జాడీ. మూత పక్క నుంచి నురగ కారి అంచున తెల్లగా ఎండింది. చెవి పెట్టి వింటే లోపల ఒక బుడగ లేచి పగిలింది. కాసేపటికి ఇంకొకటి.

అమ్మ జాడీ. దానికోసమే అడిగాడన్నమాట.

ఆమె అక్కడే చతికిలబడి ఉండగా పక్కింటి సరసమ్మ ప్రహరీ మీదుగా పలకరించింది. "నిద్ర లేచినావా రత్నమ్మా? మధ్యాహ్నం బస్సు దావలో చెడిపోయిందంట. మీ తమ్ముడు సైకిలేసుకోని పోయినాడు, పాపను పిల్చుకొస్తానని. నిన్ను లేపొద్దన్నాడు."

సుబ్బరత్న చెప్పులు వేసుకోలేదు. వాకిలి వేయలేదు. పక్క ఊరి రోడ్డు పట్టుకుని పరుగెత్తింది. తర్వాత ఆమె అయ్యవారికి చెప్పిందట, ఆ దారి పొడుగునా తన కళ్లకు రోడ్డు కనపడలేదని, రెండు జడలకు కట్టిన రిబ్బన్లు మాత్రం కనబడుతూ ఉన్నాయని.

మామిడి తోట దాటాక దూరంగా సైకిల్ కనబడింది. వెనక సీటు మీద పిల్ల పరీక్ష అట్టను తలకు అడ్డం పెట్టుకుని కూర్చుని ఉంది. నిటారుగా, కాళ్లు ఊపుతూ. దెబ్బ లేదు, ఏమీ లేదు. సుబ్బరత్న రోడ్డు పక్కన ఒక రాయి పట్టుకుని నిలబడింది. వాళ్లు దగ్గరికి వచ్చేలోగా ఆ ఊరట కాస్తా కోపంగా మారిపోయింది.

"దిగు" అంది కూతురితో. హైమ దిగింది.

"నీ మంచం కింద ఊట చూసినా" అంది తమ్ముడితో.

దొరస్వామి ముఖం వెలిగింది. "అప్పుడే చూసినావా అక్కా? ఊట బాగా వచ్చిందా? నేనింకా మూత తీయనేలేదు."

మన భాషలో సారా కోసం పులియబెట్టిన బెల్లం నీళ్లనూ ఊట అంటారు, ఊరగాయలో దిగిన నీటినీ ఊట అంటారు. వాడు రెండోది విన్నాడు. సుబ్బరత్న వాడి చెంప మీద కొట్టింది. మేకలు తోలుకుపోతున్న మనిషి ఒకడు ఆగి చూసి, మళ్లీ నడిచాడు. దొరస్వామి రెండు చేతులతో సైకిల్ పట్టుకుని అట్లాగే నిలబడ్డాడు.

"మామను ఎందుకు కొడతావు?" అంది హైమ. "మామ నన్ను ఎక్కించుకోని తొక్కలేదమ్మా. సెంటరుకాడి నుంచి తోసుకుంటానే వస్తా ఉండాడు. తొక్కు మామా, ఎండగా ఉందంటే, నిన్ను ఎక్కించుకోని ఈ జన్మలో తొక్కనన్నాడు."

సుబ్బరత్న అప్పుడు చూసింది. వాడి చొక్కా వీపంతా తడిసి అతుక్కుపోయి ఉంది. పాదాలు దుమ్ము కొట్టుకుని బూడిద రంగులో ఉన్నాయి. అయినా ఆమె కోపం దిగడానికి దారి దొరకలేదు.

"అమ్మ జాడీనే దొరికిందా నీకు, సారా ఊట పెట్టేదానికి?"

దొరస్వామికి అప్పుడు తెలిసింది. వాడు నవ్వలేదు, ఒట్టు వేయలేదు. ఎండిన పెదవులు తడుపుకుని, "మూత తీసి చూసినావా?" అని అడిగాడు.

"తీయలేదు. వాసన చాలదా?"

"పారబోసినావా?"

"లేదు."

వాడు గుండెనిండా గాలి పీల్చి వదిలాడు. "అట్లయితే వచ్చి మూత తియ్యి. నేను ముట్టుకోను, నువ్వే తియ్యి. చూసినాక పొమ్మంటే, ఇదే సైకిల్ మీద పోతా."

ముగ్గురూ నడిచి ఇంటికి వచ్చారు. పరీక్ష ఎట్ల రాసినావని తల్లి అడగలేదు, పిల్ల చెప్పలేదు. అయ్యవారు ఆ సమయానికి కాఫీ కోసమని పోయి, తెరిచి ఉన్న ఇల్లూ మూసి ఉన్న కొట్టూ చూసి, ఏమైందో తెలియక బయట బల్ల మీద కూర్చుని ఉన్నారు. చెంగల్రాయుడు కూడా అప్పుడే బియ్యం మూటతో ఆటో దిగాడు. అందరూ వెనక పంచ దగ్గరికి వెళ్లారు.

సుబ్బరత్న చేతులు కడుక్కుని జాడీని ఎండలోకి లాగింది. మూత తీసింది, బట్ట తీసింది. నీళ్ల మీద పల్చటి తెల్లపొర.

"బూజు" అంది.

"పొర అక్కా. తీసేస్తే పోతుంది" అన్నాడు దొరస్వామి. మాట ఇచ్చినట్టే దూరంగా నిలబడ్డాడు.

ఆమె గరిటెతో పొర తీసి పారేసింది. గుండ్రాయి ఎత్తింది, పళ్లెం తీసింది. కింద నీళ్లు కుడితిలా తెల్లగా ఉన్నాయి. ఆ నీళ్లలో దోసకాయలు, పచ్చదనం పోయి ఆలివ్ రంగు తిరిగి, ఒకదానికొకటి ఆనుకుని నిలబడి ఉన్నాయి. వెల్లుల్లి వాసన, సోయకూర వాసన, వాటి వెనక ఆ పులుపు. చెంగల్రాయుడు తొంగి చూసి, "కాయలు గదా రత్నా" అన్నాడు. ఆమె వినిపించుకోలేదు. కాయలు పైకి కనబడేవి. ఆమెకు కావలసింది నీళ్లు.

చెయ్యి ముంచి దోసిట్లో నీళ్లు తీసుకుంది. వాసన చూసింది. నోట్లో పోసుకుని, మింగకుండా కాసేపు ఉంచుకుంది. గొంతు మండుతుందేమోనని, తల తిరుగుతుందేమోనని కాచుకుంది. తర్వాత మింగింది. ఉప్పు, పులుపు. పొద్దున్నే మూత తీస్తే ఇడ్లీ పిండి ఇచ్చే పులుపు. ఆమె బతుకంతా ఎరిగిన పులుపు. అంతకు మించి ఏమీ లేదు.

ఆమె అక్కడే నేల మీద కూర్చుండిపోయింది. తడిచేతిని చీరకు తుడుచుకుంది. భయం పోయాక వచ్చే అలసట ఉంటుంది, ఎంతో బరువు దించినా భుజం ఇంకా నొప్పిగానే ఉన్నట్టు. అది ఆమె ముఖంలో కనబడిందన్నారు అయ్యవారు.

"ఇదేం ఊరగాయరా?" అంది చివరికి. "నూనె యేది?"

"నూనె లేదక్కా."

"కారం?"

"కారం లేదు."

"మరి నీళ్లెందుకు చెడినాయి?"

"చెడలేదు, పులిసినాయి. ఉప్పూ నీళ్లే. మిగతాది దానంతట అదే అవుతుంది. పైకి తేలకుండా చూసుకోవాల, అంతే."

"ఎందుకు పెట్టినావు?"

వాడు కొంచెం తటపటాయించాడు. "కొట్లో పెరుగన్నం కట్టిచ్చేటప్పుడు పక్కన ఒక ముక్క వేస్తే బాగుంటుందని. ఊరికే తింటా ఉండానని నాకూ ఉంటుంది గదా."

సుబ్బరత్న ఒక కాయ తీసి కొరికింది. కటుక్కుమంది. ఆమె నమిలింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. పులుపుకే అన్నట్టు ముఖం ముడుచుకుంది. తర్వాత నవ్వింది. తమ్ముడు వచ్చాక ఆమె నవ్వడం అదే మొదలు.

"దోసకాయకు చెంపదెబ్బ తిన్నావు గదరా."

"ఇంకొకటి కొట్టినా పర్లేదక్కా, జాడీ పారబోయలేదు" అన్నాడు వాడు. చెంగల్రాయుడు పెద్దగా నవ్వాడు. హైమ జాడీలో చెయ్యి పెట్టి తనూ ఒక కాయ తీసుకుంది. అయ్యవారికీ ఒకటి ఇచ్చారు. ఆయనకు పళ్లు తక్కువ, అయినా తిన్నారట. అప్పుడు తల్లి, "పరీక్ష ఎట్ల రాసినావు?" అని అడిగింది. కూతురు, "అడిగేదానికి ఇప్పుడు తీరిందా?" అంది. ఆ మధ్యాహ్నం ఆ ఇంట్లో వాన వెలిసినట్టు ఉంది.

అయ్యవారు ఇక్కడ ఆగి మంచినీళ్లు తాగారు. కోనప్ప ముఖం తేటపడింది. "అంటే, మూత తీసి చూడాల. చూడకుండా అనుమానపడగూడదు. అంతేగదా అయ్యవారూ?" అన్నాడు.

"అక్కడితో అయిపోతే నేనూ అదే అనుకుందును" అన్నారు ఆయన. "ముందే చెప్పాల్సిన సంగతి ఒకటి మరిచిపోయినా."

దొరస్వామి వచ్చిన నాటినుంచి, సాయంత్రం వాడికి అన్నం తీసుకుపోయేది సుబ్బరత్నే. పళ్లెం చేతికిచ్చేటప్పుడు ఆమె ఒక అడుగు ముందుకు వేసేది. వాడి ఊపిరి తన ముఖానికి తగిలేంత దగ్గరగా. ఒకసారి ఆమె ముక్కు మోసపోయింది, పిల్ల చెయ్యి వంకరపోయింది. ఇంకోసారి మోసపోదలచుకోలేదు. తమ్ముడికి తెలియకుండా చేస్తున్నాననే ఆమె అనుకునేది. వాడు మాత్రం ప్రతి సాయంత్రం పళ్లెం అందుకునే ముందు, ఆమె ముఖంలోకి చూస్తూ ఏదో ఒక మాట అనేవాడు. ఎండ బాగా కాసిందనో, కట్టెలు పచ్చిగా ఉన్నాయనో. అవసరం లేని మాటలు. అవి ఎందుకంటున్నాడో ఆమెకు తట్టలేదు.

జాడీ మూత తీసిన నాటి సాయంత్రం, సుబ్బరత్న తమ్ముణ్ణి వంటింట్లోకి పిలిచి పీట వేసింది. పళ్లెం వాడి ముందు పెట్టి వెనక్కి జరిగింది. దగ్గరికి రాలేదు. వాడు అన్నంలో చెయ్యి పెట్టకుండా కూర్చున్నాడు.

"ఏందిరా, తినవా?"

"ఈరోజు చూడలేదు నువ్వు."

"ఏంది చూడలేదు?"

"వాసన."

సుబ్బరత్న ముఖం కందిపోయింది. వాడికి తెలుసునన్నమాట. ఇన్నాళ్లూ అవసరం లేని ఆ మాటలన్నీ తనకు ఊపిరి తగలాలనే అన్నాడన్నమాట. ఆమె ఎటో చూస్తూ, "ఇంక చూడనులేరా" అంది. "తప్పయిపోయింది. ఇంక చూడను."

"మానొద్దక్కా" అన్నాడు దొరస్వామి.

ఆమె వాడివైపు తిరిగింది.

"కంపెనీలో ఉన్నప్పుడు మానేసినా, మళ్లీ తాగినా, మళ్లీ మానేసినా. తాగినా తాగకపోయినా అడిగేవాళ్లు లేరు. రాత్రి గదికి పోతే గోడలు. ఇక్కడికొచ్చినాక పొద్దుగూకేసరికి అక్క పళ్లెం పట్టుకోని వస్తుందని తెలుసు. వచ్చి దగ్గర నిలబడుతుందని తెలుసు. ఆ మాట తలుచుకుంటే ఆ పూట గడిచిపోతా ఉంది. నువ్వు మంచిదానివై మానేస్తే, నాకు కష్టమవుతుంది."

ఇంత పొడుగు మాట వాడు ఆ ఇంట్లో అంతకు ముందు ఎప్పుడూ మాట్లాడలేదు. పొయ్యి మీద చారు పొంగింది. సుబ్బరత్న దాన్ని దించి, కొంగుతో చేతులు తుడుచుకుంది. తర్వాత వచ్చి వాడి ఎదురుగా వంగి, దొంగచాటుగా కాకుండా, పెద్దవాళ్లు పసిబిడ్డ తల వాసన చూసినట్టు, తీరుబడిగా చూసింది.

"వెల్లుల్లి కంపు" అంది. "తిను."

వాడు తిన్నాడు. అయ్యవారు చెప్పడం ఆపారు.

వసారాలో నీడ గోడ ఎక్కింది. కోనప్ప కండువా మడిచి భుజాన వేసుకున్నాడు. లేవబోయి, మళ్లీ కూర్చున్నాడు. తేటపడిన ముఖంలో మళ్లీ ఏదో కదిలింది. అయితే వచ్చినప్పటి దిగులు కాదది.

"ఇంతకీ అయ్యవారూ, ఆయమ్మ తమ్ముణ్ణి నమ్మినట్టా, నమ్మనట్టా?"

"అది నేనడగలేదు కోనప్పా" అన్నారు నారపయ్య అయ్యవారు, శిష్యుణ్ణి సాగనంపడానికి లేస్తూ. "ఆయమ్మ మాత్రం రోజూ పళ్లెంతో దగ్గరికి పోతా ఉండాది."